నిమిషానికి నాలుగు పిడులు

లాంగ్టన్, స్టాఫర్డ్‌షైర్
9 అక్టోబరు 1911

లండన్ లార్క్‌హిల్ చలనచిత్రాల కంపెనీలో ఉత్తరాలు విప్పి చదివే పెద్దమనిషి గారికి,

కెజయా టన్నిక్లిఫ్ నమస్కరించి రాయునది. నేను క్షేమం, మీ క్షేమం తెలియజేయండి అని మొదలుపెట్టాలని నాకూ తెలుసు. కానీ నేను క్షేమంగా లేను. అందుకు కారణం మీరే. కాబట్టి ఆ ముక్క ఇప్పటికి వదిలేస్తున్నాను.

నేను ఇక్కడ క్లూలో గారి టీపాట్ల కార్ఖానాలో పిడులు అతికించే మనిషిని. ముప్పై ఎనిమిదేళ్లుగా అదే బల్ల, అదే పని. మట్టి టీపాట్ ఆరీ ఆరకుండా ఉన్నప్పుడు, పిడి రెండు కొసలకీ పల్చటి మట్టినీళ్లు రాసి, కొమ్ముకు సరిగ్గా ఎదురుగా పెట్టి, నొక్కి, తడి స్పాంజితో తుడిచి పక్కన పెట్టాలి. నిమిషానికి ఒకటి అవుతుంది. అంతకంటే తొందరపడితే పిడి వంకరపోతుంది, టీ పోసేటప్పుడు అత్తగారి ఒళ్లో పడుతుంది.

పోయిన నెల మీ డాబ్స్ అనే ఆయన మూడు కాళ్ల మీద ఒక పెట్టె నిలబెట్టుకుని మా కార్ఖానాకు వచ్చాడు. టీపాట్ ఎలా తయారవుతుందో ఫిల్ము తీసి ఊరూరా చూపిస్తే మా సరుకు బాగా అమ్ముడుపోతుందని మా యజమాని ఆశ. వచ్చినవాడు సోమవారం వచ్చాడు. మా ఊళ్లో సోమవారం మగవాళ్లు పనిలోకి రారు. శనివారం మొదలుపెట్టిన తాగుడు మంగళవారానికి గానీ దిగదు. చక్రం తిప్పేవాడు లేడు, బట్టీ పేర్చేవాడు లేడు. పిడుల గదిలో మేం ఐదుగురు ఆడవాళ్లం ఉన్నాం. అందుకే మీ ఫిల్ములో ముందు మట్టిముద్ద, తర్వాత నేను, ఆ తర్వాత ఎవరో దొరసాని టీ తాగడం. మధ్యలో ఇంకేమీ లేదు.

పోయిన బుధవారం చర్చి బడి గదిలో తెల్లదుప్పటి కట్టి ఆ ఫిల్ము వేశారు. నన్ను నేను చూసుకున్నాను. టోపీ నాదే, ఏప్రన్ నాదే. చేతులు మాత్రం దెయ్యం పట్టినట్టు ఎగురుతున్నాయి. మా యజమాని ఒబడయా క్లూలో గారు జేబుగడియారం తీసి లెక్కపెట్టారు. నిమిషానికి నాలుగు పిడులు! ఆయన చర్చిలో పెద్ద. కదిలే బొమ్మ చూడటం అదే మొదలు. దీపాలు వెలిగించగానే అందరి ముందూ నన్ను లేపి నిలబెట్టారు.

"ఏమ్మా కెజయా, లండన్ నుంచి మనిషి వస్తే నాలుగు, నేను జీతమిస్తే ఒకటా?"

"అయ్యగారూ, నేను ఎప్పుడూ చేసినట్టే చేశాను."

"మనిషి అబద్ధమాడతాడు. ఫోటో అబద్ధమాడదు."

మర్నాడు పొద్దున్నకల్లా గోడ మీద నోటీసు. డిసెంబరు ఒకటి నుంచి అందరూ ఫిల్ములో చూపిన వేగంతోనే పని చేయాలట. ఆ లెక్కన మా గదికి ఒకటింపావు ఆడమనిషి చాలట. ఒకటి నేను. పావు ఎవరో ఇంకా తేల్చలేదు. మిగతావాళ్లు ఇంటికే.

కనుక అయ్యా, మీరు ఎలా చేస్తారో నాకు తెలియదు, ఆ ఫిల్ములో నన్ను నెమ్మది చేయండి.

ఇట్లు,
కెజయా టన్నిక్లిఫ్

తా.క. మీ డాబ్స్ పని అయ్యాక మా ఐదుగురికీ సత్రంలో టీ ఇప్పించాడు. కప్పు చేతికి రాగానే అడుగున ఏ కార్ఖానా ముద్ర ఉందో చూడటానికి ఐదుగురం ఒక్కసారే తిరగేశాం. ఈ ఊరి అలవాటు అది. టీ పోసి ఉందని చూసుకోలేదు. ఆయన ప్యాంటు సంగతి ఏమైందో కనుక్కుని చెప్పగలరు.

*

లార్క్‌హిల్ చలనచిత్రాల కంపెనీ
లండన్
14 అక్టోబరు 1911

శ్రీమతి టన్నిక్లిఫ్ గారి సముఖమునకు,
క్లూలో టీపాట్ల కార్ఖానా, లాంగ్టన్

మేడమ్,

తమరి ఉత్తరం చేరింది. సంతోషించాము. చిత్రంలో తన రూపం చూసుకుని కలవరపడటం సహజం. మాకు ఇటువంటి ఉత్తరాలు వారానికి ఇరవై వస్తాయి. బిస్కెట్ల చిత్రంలో కనిపించిన ఒకావిడ తన ముక్కు చిన్నది చేయమన్నారు. సబ్బుల చిత్రంలోని ఒకాయన తన బట్టతలకు జుట్టు పెట్టమన్నారు. ఇప్పుడు తమరు నెమ్మది చేయమంటున్నారు.

అయితే తమరు బిడియపడవలసిన అవసరం ఏ మాత్రమూ లేదని మనవి. చిత్రంలో తమరి వేగం ఎంతో సహజంగా ఉంది. ఇక్కడ మూడు హాళ్లలో చూపించాము. ప్రేక్షకులు చప్పట్లు కొట్టి, పిడుల భాగం మళ్లీ వేయమని అడిగారు. ఇంత చురుకైన పనివారు ఉన్న కార్ఖానా టీపాట్ కొనాలనిపిస్తోందని ఒక పెద్దమనిషి స్వయంగా నాతో అన్నారు.

కాబట్టి తమరు ధైర్యంగా ఉండండి. తమరిలో కళ ఉన్నది.

విధేయుడు,
ఆల్జర్నన్ పిమ్
కార్యదర్శి

తా.క. పిల్లి వెంట పరుగెత్తే వంటమనిషి పాత్ర ఒకటి ఖాళీగా ఉంది. తమరి వేగం చూసి మా డైరెక్టరు గారు ఆసక్తి చూపుతున్నారు. పిల్లి మాదే.

*

లాంగ్టన్
18 అక్టోబరు 1911

పిమ్ గారికి,

నాయనా, నువ్వు ఎంత చదువుకున్నవాడివో నాకు తెలియదు, వయసులో మాత్రం నా కొడుకులాంటివాడివనిపిస్తోంది. అందుకే 'గారు' పైనే ఉంచి కింద 'నువ్వు' అంటున్నాను. కోపంలో ఉన్నప్పుడు రెండూ ఒక్కచోట కుదరవు.

నీ ఉత్తరం కార్ఖానా చిరునామాకు పంపావు. కార్ఖానాకు వచ్చే ప్రతి కవరూ మా పెద్దాయన స్వయంగా విప్పుతారు, అది ఎవరిదైనా సరే. మధ్యాహ్నం అన్నాలవేళ గంట కొట్టించి, అందరినీ ముందు పెట్టుకుని చదివి వినిపించారు.

"విన్నారా! 'తమరి వేగం ఎంతో సహజంగా ఉంది.' ఇది నా మాట కాదు. లండన్ మాట."

చదివి ఊరుకోలేదు. నోటీసు పక్కనే నీ ఉత్తరమూ మేకు కొట్టి తగిలించారు. 'తమరిలో కళ ఉన్నది' అన్న ముక్క కింద ఎర్ర గీత గీశారు. బట్టీ కాల్చేవాళ్లు ఇప్పుడు నేను కనిపిస్తే చాలు పిల్లిలా మ్యావ్ మంటున్నారు.

నాయనా, ముక్కు చిన్నది చేయించుకునే వయసు కాదు నాది. నాకు యాభై ఎనిమిదేళ్లు. నేను అడిగేది నా కోసమైతే ఈపాటికి నోరు మూసుకునేదాన్ని. నేను ఎలాగూ ఉంటాను. పోయేవాళ్లు మిగతా నలుగురు. వాళ్లలో నెల్ అని ఒకతి. ఇరవై ఏళ్లుగా నా పక్క బల్ల. మొగుడికి మట్టిదుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుపోయి మంచం పట్టాడు. ముగ్గురు పిల్లలు. రోజూ మధ్యాహ్నం తన ఓట్స్ పిండి రొట్టెలో సగం తుంచి నాకు పెట్టేది. ఆ ఫిల్ము వేసిన రోజు నుంచి మొత్తం తనే తింటోంది, గోడ వైపు తిరిగి. "మాకోసం ఒకలా, కెమెరా కోసం ఒకలా చేశావు" అంది. ఇరవై ఏళ్లు పక్కనే కూర్చున్న మనిషి నా చేతుల్ని నమ్మకుండా తెల్లదుప్పటిని నమ్మింది. అది నాకు పెద్దాయన తిట్టిన దానికంటే ఎక్కువ నొప్పిగా ఉంది.

ఒక మనిషి నిమిషానికి నాలుగు పిడులు అతికించలేదని, ఫిల్ములో ఏదో తేడా జరిగిందని, మీ కంపెనీ ముద్ర వేసి మా పెద్దాయనకు ఒక ఉత్తరం రాయి. అంతే నేను కోరేది.

కెజయా టన్నిక్లిఫ్

తా.క. ఇకమీదట నా ఉత్తరాలు ఇంటికి పంపు: 7, క్లేపిట్ సందు. కింద కాస్త సిరా చెదిరింది, అది కన్నీరు కాదు. టీ.

రెండో తా.క. వంటమనిషి వేషం నాకు వద్దు. పిల్లులంటే నాకు ఇష్టం.

*

లండన్
23 అక్టోబరు 1911

మాన్యురాలైన టన్నిక్లిఫ్ గారికి,

ముందుగా క్షమాపణ. నాకు ఇరవై నాలుగేళ్లు. తమరు 'నువ్వు' అనడంలో తప్పేమీ లేదు. మా అమ్మ కూడా ఇదే గొంతుతో తిడుతుంది.

తమరి బాధ ఇప్పుడు అర్థమైంది. వెంటనే డాబ్స్‌ను పిలిచి అడిగాను. ఆయన చెప్పింది ఇది. పెట్టె పక్కన చేత్తో తిప్పే మర ఉంటుంది. తిప్పుతున్నకొద్దీ లోపల ఒకదాని వెనుక ఒకటి ఫోటోలు పడతాయి. వేగంగా తిప్పితే ఎక్కువ ఫోటోలు, నెమ్మదిగా తిప్పితే తక్కువ. ఆ రోజు మీ ఊళ్లో బట్టీల పొగ కమ్మేసి పట్టపగలే దీపాల వేళలా ఉందట. వెలుతురు చాలక, ఒక్కో ఫోటోకు ఎక్కువసేపు ఇవ్వడానికి ఆయన మరను బాగా నెమ్మదిగా తిప్పాడు. అందువల్ల తమరు నిమిషం సేపు చేసిన పనికి పావు నిమిషానికి సరిపడా ఫోటోలే పడ్డాయి. వాటిని తెర మీద మామూలు వేగంతో చూపితే, నిమిషం పని పావు నిమిషంలో అయిపోయింది.

క్లుప్తంగా చెప్పాలంటే, డాబ్స్ నెమ్మదిగా తిప్పాడు కనుకనే తమరు వేగంగా కనిపించారు.

ఇదే సంగతి కంపెనీ ముద్రతో క్లూలో గారికి రాశాను. ఆయన జవాబు తిరుగుటపాలో వచ్చింది. ఉన్నది ఉన్నట్టు దింపుతున్నాను:

"అబ్బాయ్, నేను పుట్టింది కుమ్మరి చక్రం పక్కన. చక్రం నెమ్మదిగా తిరిగితే పని నెమ్మదిగా అవుతుంది. వేగంగా తిరిగితే వేగంగా అవుతుంది. నెమ్మదిగా తిప్పితే వేగంగా అవుతుందని నాకు చెప్పిన మొదటి మనిషివి నువ్వే. నీకు ఆ ఆడవాళ్లు ఏమైనా పంపించారా?"

అయితే ఒక మంచి కబురు. మాంచెస్టరు నుంచి ఒక పెద్ద వ్యాపారి వస్తున్నాడని, ఆయనకు చూపించడానికి పిడుల భాగం ఇంకా పొడుగ్గా మళ్లీ తీయమని క్లూలో గారు అడిగారు. నవంబరు ఏడున డాబ్స్ వస్తున్నాడు. ఈసారి మంచి వెలుతురులో, సరైన వేగంతో తిప్పితే, తెర మీద తమరు నిజంగా ఎంత వేగమో అంతే కనిపిస్తారు. నోటీసు దానంతటదే ఊడుతుంది.

తమరి శ్రేయోభిలాషి,
ఆల్జర్నన్ పిమ్

తా.క. దయచేసి డాబ్స్ పనిలో ఎవరూ జోక్యం చేసుకోకుండా చూడండి. ఆయన మొహమాటస్తుడు.

రెండో తా.క. ప్యాంటు బాగుపడలేదు. ఆయన ఇప్పుడు దాన్ని మీ ఊరికి మాత్రమే వేసుకొస్తానంటున్నాడు.

*

లాంగ్టన్
8 నవంబరు 1911

చిరంజీవి పిమ్‌కు,

అంతా బాగా జరిగింది. నా మనసు ఇవాళ దూదిపింజలా ఉంది, అందుకే ఆశీర్వాదంతో మొదలుపెట్టాను.

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. నాయనా, నువ్వు మంచివాడివి. కానీ చక్రం సంగతి నీకు తెలియదు. పెద్దాయన ఎంత మొండివాడో నా కంటే ఎక్కువ ఎవరికీ తెలియదు, అయినా ఆ ఒక్క మాటలో ఆయన పక్షమే నేను. మా ఊళ్లో పసిపిల్లను లేపి అడుగు, నెమ్మదిగా తిప్పితే నెమ్మదిగానే అవుతుందంటుంది. డాబ్స్ ఏదో తప్పు చేసి, దాన్ని కప్పిపుచ్చుకోవడానికి నీకు కథ అల్లి చెప్పాడు. నువ్వు అమాయకుడివి, నమ్మావు.

అందుకని నేనే పూనుకున్నాను. నిన్న పొద్దున్నే డాబ్స్ రైలు దిగగానే ఎదురెళ్లాను. మా ఇంటికి తీసుకెళ్లి ఓట్స్ రొట్టెలో జున్నూ పందిమాంసమూ చుట్టి పెట్టాను.

"చూడు నాయనా, ఇవాళ నువ్వు ఆ మరను పోయినసారి కంటే నెమ్మదిగా తిప్పాలి," అన్నాను.

"అమ్మా, అలా తిప్పితే ఇంకా..."

"ముందు తిను."

"అది కాదమ్మా, వేగం..."

"ఇంకోటి పెట్టనా?"

మూడో రొట్టెకు ఒప్పుకున్నాడు. పాపం, మొహమాటస్తుడే.

తిప్పాడయ్యా, ఎంత నెమ్మదిగానో! పక్కనే నిలబడి కాపలా కాశాను. చెయ్యి కాస్త జోరందుకుంటే చాలు, దగ్గాను. పైగా నేను కూడా మామూలు కంటే కాస్త నిదానంగానే అతికించాను. నెల్‌తో కూడా చెప్పాను. "చూడు, ఈ దెబ్బకి తెర మీద నేను నత్తలా పాకుతాను" అన్నాను. నెల్ మధ్యాహ్నం రొట్టె చిన్న ముక్క తుంచి నా బల్ల మీద పెట్టి వెళ్లింది. దాన్ని నేను తినకుండా కాసేపు అలా చూస్తూ కూర్చున్నాను.

ఇక నువ్వేం భయపడకు.

ఆశీర్వదించి,
కెజయా

తా.క. మా పెద్దాయన ఆదివారం కోటు వేసుకుని వచ్చి, యజమాని లేకుండా కార్ఖానా ఫిల్ము ఏమిటని తననూ తీయమన్నారు. ఆఫీసులోంచి నడుచుకుంటూ వచ్చి, అందరినీ పలకరించి, టీ తాగడం. ఘనంగా రావాలన్నారు. డాబ్స్ మర వేగం పెంచబోయాడు. నేను దగ్గాను.

*

లండన్
15 నవంబరు 1911

అమ్మా,

ఏం చేశారమ్మా!

ఫిల్ము కడిగి, ఆరబెట్టి, నిన్న మా ఆఫీసులో వేసుకుని చూశాము. తమరు నిమిషానికి ఎనిమిది పిడులు అతికిస్తున్నారు. చేతులు కనిపించడం లేదు. టీపాట్లు వాటంతటవే పిడులు మొలిపించుకుని పక్కకు దూకుతున్నట్టుంది. మా డైరెక్టరు గారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. డాబ్స్ మాత్రం ఒక మూల కూర్చుని, "ఆవిడ దగ్గింది సార్, నేనేం చేయను, దగ్గింది" అంటున్నాడు.

అమ్మా, చక్రం సంగతి నాకు తెలియదు, ఒప్పుకుంటాను. కానీ ఇది చక్రం కాదు. కాగితం మీద గీసి పంపుతున్నాను, చూడండి. ఒక నిమిషం పనికి పది బొమ్మలు గీశాను. రెండో వరుసలో అదే పనికి రెండు బొమ్మలు గీశాను. రెండు వరుసల మీదా వేలు ఒకే వేగంతో జరపండి. ఏది ముందు అయిపోతుందో చూడండి.

ఆపాలని చూశాను. కుదరలేదు. క్లూలో గారు డబ్బు ముందే కట్టేశారు కనుక డైరెక్టరు గారు ఆ రాత్రి రైలుకే ఫిల్ము పంపించేశారు. 25వ తేదీ శనివారం మీ చర్చి బడి గదిలో, మాంచెస్టరు వ్యాపారి ముందు వేస్తారట. ఆ వ్యాపారి గనుక ఈ వేగం చూసి ఆర్డరు ఇస్తే, ఆ నోటీసును దేవుడు కూడా ఊడపీకలేడు.

ఒక్కటే దారి. తెర మీద వేసే యంత్రాన్ని కూడా ఎవరో చేత్తోనే తిప్పుతారు. ఆయన్ను బతిమాలి నెమ్మదిగా తిప్పమనండి. అక్కడ మాత్రం, అమ్మా, నెమ్మదిగా తిప్పితే బొమ్మ నెమ్మదిగానే నడుస్తుంది. నమ్మండి. ఈ ఒక్కసారి నా మాట నమ్మండి.

తమరి
ఆల్జీ పిమ్

తా.క. క్లూలో గారి భాగం కూడా చూశాము. దాని గురించి నేను ఏమీ రాయదలచుకోలేదు. తమరే చూద్దురు గాని.

*

లాంగ్టన్
28 నవంబరు 1911

చిరంజీవి ఆల్జీకి,

నువ్వు గీసి పంపిన బొమ్మల మీద వేలు జరిపాను. నెల్ చేత కూడా జరిపించాను. రెండో వరుస ముందే అయిపోయింది. నెల్ చాలాసేపు ఆ కాగితం వైపు చూసి, "అయితే నువ్వు నిజంగానే ఒకటే అతికించావా?" అంది. అవునే, ముప్పై ఎనిమిదేళ్లుగా ఒకటే అన్నాను. అప్పుడు నా భుజం మీద తల పెట్టి ఏడ్చింది. డాబ్స్‌కు క్షమాపణ చెప్పు. తప్పు నాది. ఇంత పెద్ద తప్పు మా ఊరిమనిషి తప్ప ఇంకెవరూ చేయలేరని కూడా చెప్పు.

శనివారం ముందుగానే చర్చి బడికి వెళ్లాను. యంత్రం తిప్పేది కిరాణా కొట్టు జోబ్ మెలర్. బతిమాలదామని దగ్గరికెళ్తే అప్పటికే పెద్దాయన గడియారం పట్టుకుని అతని నెత్తిన నిలబడి ఉన్నారు. "లండన్ వాళ్లు ఎంత చెప్పారో అంతే తిప్పు. ఒక్క చుట్టు తగ్గినా ఒప్పుకోను. నాకు నిజం కావాలి." నేను నోరు తెరవకుండానే వెనక్కి వచ్చి కూర్చున్నాను.

దీపాలు ఆర్పారు. మొదట పిడులు. నువ్వు రాసింది నిజమే, చేతులు కనిపించలేదు. మాంచెస్టరు ఆయన "ఓహో" అన్నాడు. పెద్దాయన చీకట్లోనే గట్టిగా లెక్కపెట్టారు. "ఎనిమిది! చూశారా, ఎనిమిది!" నెల్‌కు సంగతి తెలిసి కూడా నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. మిగతా ముగ్గురూ తలలు దించుకున్నారు. నేను రెండో చేతిని ఏప్రన్ కింద దాచుకున్నాను. నా చేతుల్ని చూసి నాకే సిగ్గేసింది. వీటితోనే కదా ఆ నలుగురినీ వీధిలోకి నెట్టాను అనిపించింది.

ఆ తర్వాత పెద్దాయన వచ్చారు. తెర మీద.

ఆల్జీ, ఆయన మా చర్చిలో ప్రార్థన చదవడానికి లేచి అక్కడికి చేరేలోపు పసిపిల్లలు ఒక కునుకు తీస్తారు. అంత నిదానం. తెర మీద ఆయన ఆఫీసు తలుపులోంచి ఎవరో తరిమినట్టు ఊడిపడ్డారు. యార్డు అడ్డంగా టకటకా పరుగెత్తారు. దారిలో టోపీ తీశారు, పెట్టారు, తీశారు, పెట్టారు. బట్టీవాడి భుజం తట్టబోయి దబదబా బాదారు. గడియారం తీసి, చూసి, లోపల పెట్టి, మళ్లీ తీశారు. కుర్చీలో పడ్డారు, టీ ఒక్క గుటకలో మింగారు, లేచి వంగి వంగి దణ్ణాలు పెట్టి పారిపోయారు.

గదిలో అందరూ పెదవులు బిగబట్టారు. చర్చి పెద్ద కదా, ఎవరు నవ్వుతారు? ముందు వరుసలోంచి క్లూలో అమ్మగారి గొంతు వినిపించింది:

"ఒబడయా, ముప్పై ఏళ్లుగా భోజనానికి పిలుస్తున్నాను, ఒక్కనాడైనా ఇంత జోరుగా వచ్చావా?"

ఇక చూడు. మాంచెస్టరు ఆయన కుర్చీతో సహా వెనక్కి పడ్డాడు. నవ్వి నవ్వి మూడొందల మందికి కళ్లనీళ్లు. పెద్దాయన చీకట్లో లేచి నిలబడి, "అది నేను కాదు! నేను అలా నడవను! అది అబద్ధం!" అని అరిచారు. ఆ అరుపుతో నవ్వు ఇంకా పెరిగింది. నేను మాత్రం నోరు విప్పలేదు. అందరి ముందూ అనడానికి నాలుక చివర, ఫోటో గురించి ఆయన అన్న మాటే సిద్ధంగా ఉంది. కానీ నన్ను ఆయన అందరి ముందూ నిలబెట్టిన రోజు ఎలా ఉందో నాకు తెలుసు. ఊరుకున్నాను.

నిన్న, సోమవారం, పొద్దున్నే నన్ను ఆఫీసుకు పిలిపించారు. నేను లోపలికి వెళ్లగానే ఆయనే లేచి తలుపు వేశారు. రెండు రాత్రులుగా నిద్ర లేని ముఖం. నన్ను కూర్చోమన్నారు. ముప్పై ఎనిమిదేళ్లలో ఆ గదిలో నేను కూర్చోవడం అదే మొదటిసారి.

"కెజయా, నేను నీకు ఎప్పటినుంచో తెలుసు. మొహమాటం లేకుండా చెప్పు." గొంతు బాగా తగ్గించారు. "నేను నిజంగా అలాగే నడుస్తానా?"

ఆల్జీ, నాకు జాలేసింది. దాచను. డెబ్బై ఏళ్ల మనిషి, అంత పెద్ద కోటు వేసుకుని, నేనేం చెబుతానా అని పసివాడిలా చూస్తున్నారు. అబ్బే, లేదయ్యగారూ అని నోటిదాకా వచ్చింది. కానీ నెల్ గుర్తొచ్చింది.

"గోడ మీద ఆ నోటీసు ఉన్నంతకాలం అలాగే నడుస్తారయ్యగారూ," అన్నాను. "అది తీసేస్తే మామూలుగానే నడుస్తారు."

ఆయన కాసేపు గోడ వైపు, కాసేపు తన బూట్ల వైపు చూసుకున్నారు. తర్వాత "వెళ్లు, పని చూసుకో" అన్నారు. నేను వచ్చి నా బల్ల దగ్గర కూర్చున్నాను. ఐదుగురం కిటికీలోంచి చూస్తూనే ఉన్నాం. ఆఫీసు తలుపు తెరుచుకుంది. పెద్దాయన బయటికి వచ్చి, యార్డు దాటి, నోటీసు గోడ వైపు నడిచారు. ఒక్కో అడుగూ ఆలోచించి, దించి, నిలబడి, మళ్లీ ఇంకో అడుగు. ఊరంతా చూస్తోందని ఆయనకు తెలుసు. ఆ ఇరవై గజాలు దాటి, నోటీసు పీకి, జేబులో పెట్టుకునేసరికి నేను నాలుగు పిడులు అతికించాను. నాలుగూ తిన్నగా వచ్చాయి.

ప్రేమతో,
కెజయా టన్నిక్లిఫ్

తా.క. నోటీసుతో పాటు నీ ఉత్తరం కూడా పీకేశారు. 'తమరిలో కళ ఉన్నది' అన్న ముక్క మాత్రం చింపి నాకు పంపించారు.

రెండో తా.క. ఆయన భాగం ఇంకొక ప్రతి తీసి క్లూలో అమ్మగారికి విడిగా పంపాలి. కార్ఖానాకు పంపకు, మా ఇంటికి పంపు. భోజనానికి పిలిచే ముందు రోజూ ఒకసారి వేసి చూపిస్తారట.